ఆకు ఉండ చూసి రోజు చెప్పిన బసీలియా

మొన్న అక్టోబరులో మా సంఘం వాళ్ళు గని నోటి దగ్గర పాలరాతి పలక ఒకటి నిలబెట్టారు. వాయ్రాపాటా గని సహకార సంఘానికి ఇంతవరకూ అధ్యక్షులుగా పనిచేసినవాళ్ళ పేర్లన్నీ దాని మీద చెక్కించారు. పదకొండు పేర్లు. అందులో ఒకడు చీకటంటే భయమని జీవితంలో గనిలోకి దిగనే లేదు. బసీలియా టార్కి పేరు మాత్రం ఎక్కడా లేదు. ఇదేమిటయ్యా అని అడిగితే, "ఆవిడ సభ్యురాలు కాదు కదా నికాసియో, ఆకు అమ్ముకునే మనిషి" అన్నాడు సెనోన్. సెనోన్ అంటే ఇప్పటి అధ్యక్షుడు. పన్నెండో పేరు తనదేనని పలక కింద జాగా కూడా వదిలించుకున్నాడు. నాకు ఒళ్ళు మండి ఇంటికొచ్చి ఈ కాగితాలు ముందేసుకున్నాను. రాతి మీద ఎక్కకపోతే మానె, ఇక్కడ ఎక్కుతుంది.

నేను ముప్పై నాలుగేళ్ళు దీపాల గదిలో పనిచేశాను. దిగేవాడికి దీపం ఇవ్వడం, పైకి వచ్చినవాడి దగ్గర తీసుకుని మేకుకి తగిలించడం, అదీ నా ఉద్యోగం. నా గది గుమ్మానికి నాలుగు అడుగుల్లో బసీలియా కూర్చునేది. చారల దుప్పటి పరిచి, దాని మీద కోకా ఆకు కుప్ప పోసి, పక్కన ఆకుతో కలిపి నమిలే బూడిద ముద్దలు పేర్చి, టోపీ కళ్ళ మీదికి లాక్కుని కూర్చుంటే వాన వచ్చినా కదిలేది కాదు. నా కూతురి బాప్తిస్మానికి జ్ఞానతల్లిగా నిలబడింది ఆవిడే. మా ఆచారంలో అది తోడబుట్టినదానితో సమానం. నన్ను అన్నా అనేది. ఆవిడ మొగుడు అన్సెల్మో నన్ను బావా అని పిలుస్తాడు.

మా దగ్గర దవడన ఆకు లేకుండా ఎవడూ గనిలోకి దిగడు. ఆకలికి అదే మందు, చలికి అదే, భయానికి అదే. టైము కూడా దానితోనే చూసుకుంటాం. ఆకు ఉండ దవడన పెట్టుకున్నప్పటి నుంచి రసం చచ్చి చొప్పలా అయ్యేదాకా ఒక 'దవడ'. పై ఊరికి ఎంత దూరమంటే రెండు దవడలంటాం. సైరన్ తప్పుతుంది, చేతి గడియారం లోపలి తేమకి ఆగిపోతుంది, దవడ మాత్రం తప్పదు. మనిషితో పాటే అదీ పోతుంది, అదీ వస్తుంది.

ఆ లెక్క మిగతా గనులవాళ్ళకి ఎంత అవసరమో తెలీదు గానీ మాకు ప్రాణావసరం. మా ఏడో సొరంగం అలాంటిది. కొండలో ఆ ముక్క ఇంకా కుదురుకోలేదని, అక్కడ రోజు గట్టిగా కట్టి లేదని మా తాతలు చెప్పేవారు. అక్కడ పైనుంచి పడే నీటిచుక్క ఒక్కోసారి ముందు చప్పుడు వినిపించి, ఆ తర్వాత పడుతుంది. నేను స్వయంగా విన్నాను. మూడు దవడలకు మించి అందులో ఉండకూడదని కట్టుబాటు. ఉంటే మనిషికి కాలం వదులైపోతుంది, బొందు తెగిన లాగులాగా. ఆ జబ్బుని మేం వదులు అనే అంటాం. కొద్దిగా పడితే, అడగకముందే జవాబు చెప్పడం, పొయ్యి మీద ఇంకా పెట్టని నీళ్ళు పొంగిపోతున్నాయని అరవడం, అంతవరకే. రెండు రోజులు పడుకుంటే పోతుంది. ముదిరితే మాత్రం మనిషి మన మధ్యే తిరుగుతూ ఉంటాడు, అతని రోజు వేరే ఉంటుంది. రోసెందో అని ఒకడు తన పెళ్ళి వారంలో ఉండిపోయాడు. అరవై ఎనిమిదేళ్ళకి పోయాడు, పోయే రోజున కూడా బ్యాండువాళ్ళు వచ్చారా అని అడిగాడు. సంఘం డాక్టరు వీటన్నిటికీ ఒకటే పేరు రాసేవాడు. తాగుడు.

వదులు రెండు రకాలు. వెనకబడటం ఒకటి, ముందుకు జారడం ఒకటి. పైకి చూస్తే రెండూ ఒకలాగే ఉంటాయి, వైద్యం మాత్రం పూర్తిగా వేరు. వెనకబడ్డవాణ్ణి పిలవాలి. అతని కోటు గని నోటి దగ్గర ఊపుతూ పేరు పెట్టి తొమ్మిది రోజులు పిలిస్తే మెల్లగా వచ్చి కలుస్తాడు. ముందుకు జారినవాణ్ణి చచ్చినా పిలవకూడదు. వెనకనుంచి అరిస్తే దూడ ఇంకా ముందుకి పరిగెడుతుంది. వాణ్ణి కదలకుండా కూర్చోబెట్టి, ఊరు వాడి రోజుని అందుకునేదాకా కాచుకోవాలి. అదీ రెండు మూడు రోజుల జారుడైతే. ఎవరు వెనక, ఎవరు ముందు అన్నది చెప్పే మనిషి మా గనికి ఒక్కతే, బసీలియా.

ఎలా అంటే, ఏడో సొరంగంలోకి దిగినవాళ్ళు మేస్త్రీ కేక విని అందరూ ఒకేసారి ఆకు మార్చుకుంటారు. బయటికొచ్చి మూడో ఉండని బసీలియా అరచేతిలో ఉమ్మేవారు. మొహం చిట్లించుకోకండి, ఆవిడ చిట్లించుకోలేదు. దాన్ని నొక్కి, వాసన చూసి, ముందుపళ్ళతో కాస్త కొరికేది. అందరి ఉండలూ చచ్చి ఒకడిది మాత్రం పచ్చిగా ఉంటే వాడు వెనకబడ్డాడు, వాడికి పూట పూర్తిగా గడవలేదు. పొట్టులా రాలిపోతే వాడు ముందుకి జారాడు. ఉండ చెప్పేది ఎటు జారాడన్నదే, ఎన్నేళ్ళన్నది కాదు. ఇరవై ఆరేళ్ళలో ఒక్కసారి కూడా తప్పు చెప్పలేదు. బూడిద ముద్దలు కొరికి కొరికి ఆవిడ ముందుపన్ను ఒకటి సగానికి అరిగిపోయింది.

ఇంతా చేసి ఆవిడ ఏనాడూ గని లోపల చూడలేదు. ఆడమనిషి అడుగుపెడితే ఖనిజం దాక్కుంటుందని మావాళ్ళ పట్టింపు. ఒకసారి కుర్రాళ్ళు ఏడిపించారు. "లోపల చూడాలని లేదా పిన్నీ?"

"ఏముంది చూడ్డానికి? చీకటీ, దాంట్లో మీరూ. చీకటి మా ఇంట్లో కూడా ఉంది, మీరు లేరు, అదే సుఖం" అంది.

తొమ్మిదేళ్ళ కిందట ఆగస్టులో ఏడో సొరంగం చివర తగరం పొర ఒకటి బయటపడింది. చెయ్యి వెడల్పున, చీలిక లేకుండా, నల్లగా నిగనిగలాడుతూ. దాని మీద అన్సెల్మోని పెట్టారు. యాభై ఆరేళ్ళ మనిషి, మాట తక్కువ, మొండి ఎక్కువ. ఖనిజం కంటబడితే పక్కవాడు పిలిచినా వినడు. ఆ రోజు చివరి రాయి దగ్గర ఒక్కడే ఉన్నాడు, మిగతావాళ్ళు ఇరవై గజాల ఇవతల. సైరన్ కొట్టాక అందరూ వచ్చారు, అందరి వెనక అతనూ వచ్చాడు. దీపం, హెల్మెట్, ఆకు సంచి నా చేతిలో పెట్టాడు. బసీలియా అరచెయ్యి చాపింది. ఉమ్మాడు.

పచ్చిగా ఉంది. కిందటి నిమిషంలో పెట్టుకున్నట్టు ఆకు ఈనెలు కూడా విడలేదు.

"వెనకబడ్డాడన్నా" అంది బసీలియా. గొంతు మామూలుగానే ఉంది. అరచెయ్యి మాత్రం మూయడం మర్చిపోయి అలాగే పట్టుకుని కూర్చుంది.

మర్నాటికి అన్సెల్మో ఆవిణ్ణి చూడటం మానేశాడు. కోపంతో కాదు. ఆవిడ ఉన్న చోట ఎవరూ లేనట్టు చూపు అవతలి గోడ మీదికి పోయేది. ఆవిడ కంచం పెడితే తినేవాడు కాదు, తనే లేచి దుంపలు ఉడకేసుకునేవాడు. మూడో రోజున పెట్టె తెరిచి నల్లబట్టలు తీసి కట్టుకున్నాడు. ఊరందరికీ సంగతి అర్థమైపోయింది. పన్నెండేళ్ళ కిందట అతని తల్లి పోయినప్పుడు కట్టుకున్న నల్లబట్టలే అవి. ఆ రోజుల్లో బసీలియా ఆకు కోసం లోయకి వెళ్ళి నెలల తరబడి ఇంట్లో ఉండేది కాదు కూడా. అంచేత అన్సెల్మో పన్నెండేళ్ళు వెనకబడిపోయాడని, తల్లి చావు దగ్గర ఆగాడని తేల్చేశాం. ఉండ కూడా అదే చెప్పింది కదా.

పిలవడం మొదలుపెట్టాం. నేను ఏడో సొరంగంలోకి వెళ్ళి అతని కోటు రాతికి ఆనించి పట్టుకొచ్చేవాణ్ణి. బసీలియా గని నోటి దగ్గర, ఆడవాళ్ళకి గీసిన గీత దాటకుండా నిలబడి దాన్ని ఊపుతూ పిలిచేది. "అన్సెల్మో, రా, పోదాం. అక్కడుండకు. రా అయ్యా, పోదాం." తొమ్మిది రోజులు పిలిచింది. మార్పు లేదు. ఇంకో తొమ్మిది. ఇంకో తొమ్మిది. ప్రతి తొమ్మిదికీ అతను ఇంకాస్త దూరమయ్యాడు. మొదట్లో ఆవిడ నడిచిన వైపు తల తిప్పేవాడు, తర్వాత అదీ లేదు. ఆవిడ టోపీని మేకు మీంచి తీసి, దుమ్ము దులిపి, పెట్టె అడుగున దాచేశాడు. ఆవిడ కొత్త టోపీ కొనుక్కుంది.

"పోనీ మానెయ్ చెల్లీ, వాడికి ఒంట్లో బాగానే ఉంది కదా" అన్నాను ఒకరోజు. తప్పు మాట, ఒప్పుకుంటాను.

"ఒంట్లో బాగున్న మొగుణ్ణి పెట్టుకుని ఏం చేసుకోను అన్నా? పక్కలో గోడ ఉన్నట్టుంది" అంది. ఆ తర్వాత టోపీ ఇంకా కిందికి లాక్కుంది. ఏడ్చిందో లేదో చూడలేదు, చూడాలనిపించలేదు.

అక్టోబరు ఆఖరి వారం. పండక్కి ముందు దీపాల గది కడిగిస్తారు. మేకులకి ఉన్నవన్నీ దించుతుంటే అన్సెల్మో హెల్మెట్ వెనకాల ఆకు సంచి కనిపించింది. బసీలియా నేసిన ఎర్ర సంచి. ఆగస్టులో అతను నా చేతికిచ్చింది ఇచ్చినట్టే తగిలించి మర్చిపోయాను. బయటికొచ్చి ఆవిడ ఒళ్ళో పడేశాను.

"ఇదిగో మీ ఆయనది. ఖాళీదేలే."

ఆవిడ సంచిలో చెయ్యి పెట్టింది. తిరగేసి దులిపింది. చిటికెడు పొడి కూడా రాలలేదు.

"ఖాళీ ఎందుకయింది?"

"నమిలాడు, అయింది. దానికేముంది?"

"అన్నా, ఆ పొద్దున ఈ సంచి నేనే నింపాను. మర్నాడు లోయ సంతకి పోవాలని రెండు రోజులకి సరిపడా కూరి పెట్టాను. మూడు దవడలకి ఇందులో పావు వంతు కూడా కాదు."

నేను చీపురు గోడకి ఆనించి ఆవిడ పక్కన కూర్చున్నాను.

"మీకందరికీ ఒక పూట గడిచింది. ఆయనకి రెండు రోజులు గడిచాయి లోపల" అంది మెల్లగా. "ఆకంతా అయిపోయింది, బయటికొచ్చే ముందు ఆఖరి పిడికెడు దవడన వేసుకున్నాడు. నేను దాన్ని చూసి పచ్చిగా ఉందన్నాను."

ఇరవై ఆరేళ్ళు తప్పని చెయ్యి సొంత మొగుడి దగ్గర తప్పింది. అందులో సగం తప్పు నాదే, సంచి నా మేకుకే ఉంది. అన్సెల్మో వెనకబడలేదు, ముందుకి జారాడు. ముందుకి జారినవాణ్ణి ఇరవై ఏడు రోజులు వెనకనుంచి పిలిచి పిలిచి ఇంకా తరిమేశాం.

బసీలియా సంచిని నాలుగు మడతలు పెట్టింది. మళ్ళీ విప్పింది. అప్పుడంది, "అయితే ఆ నల్లబట్టలు మా అత్త కోసం కాదన్నమాట."

నా నోట్లో నువ్వుగింజ నానదని ఊళ్ళో పేరు, సాయంత్రానికి సంగతి ఊరంతా తెలిసిపోయింది.

నవంబరు ఒకటిన మా ఇళ్ళల్లో పోయినవాళ్ళకి బల్ల వేస్తాం. ఆ మధ్యాహ్నం పన్నెండుకి ఆత్మలు వస్తాయి, మర్నాడు పన్నెండుకి వెళ్ళిపోతాయి. వాళ్ళకి ఇష్టమైనవన్నీ వండిపెడతాం. మొహమున్న రొట్టె బొమ్మ, ఎక్కి దిగడానికి రొట్టె నిచ్చెన, చెరుకు గడ, ఆకు. ఆత్మలు వాసన మాత్రమే తీసుకుంటాయి, తిండి అలాగే ఉంటుంది. సాగనంపాక ప్రార్థన చేసినవాళ్ళకి పంచుతాం. ఇలా మూడేళ్ళు. మూడో బల్ల ఎత్తేస్తే ఆ మనిషికీ మనకీ సెలవు. నల్లబట్టలు విప్పేస్తారు, మళ్ళీ నవ్వడానికి అనుమతి దొరికినట్టు.

ఆ రోజు అన్సెల్మో బల్ల వేశాడని తెలిసి ఎవరూ ఆ గుమ్మం తొక్కలేదు. బతికున్న మనిషికి వేసిన బల్ల చూడటానికి ఎవరికి ధైర్యం? నేను వెళ్ళాను. రొట్టె బొమ్మకి చిన్న టోపీ కూడా చేసి పెట్టాడు. గిన్నెలో వేరుశెనగ సూప్. అతని తల్లికి వేరుశెనగ పడేది కాదు. వాయ్రాపాటాలో వేరుశెనగ సూప్ కోసం ప్రాణం పెట్టే మనిషి ఎవరో నాకు తెలుసు.

అన్సెల్మోకి నేను బాగానే కనిపించాను. "రా బావా, కూర్చో. మోకాలు ఎలా ఉంది?" అన్నాడు.

నా మోకాలికి అప్పుడేమీ లేదు. ఇప్పుడు ఇది రాస్తూ దాని కింద దిండు పెట్టుకున్నాను.

"బాగుంది" అన్నాను.

"ఇది మూడో బల్ల. రేపు పన్నెండుకి సాగనంపేస్తా. ఆవిడకీ బరువు తగ్గుతుంది, నాకూ తగ్గుతుంది. ఎన్నాళ్ళని పట్టుకుని వేలాడతాం, చెప్పు?" ఎంతో నిమ్మళంగా అన్నాడు. దుఃఖం అరిగిపోయిన మనిషి గొంతు అది. అదే నన్ను భయపెట్టింది.

బసీలియా వంటింటి వెనక గోడకి ఆనుకుని నిలబడి అంతా వింది. నేను పక్కకి వెళ్ళేసరికి దవడన ఆకు పెట్టుకుంటోంది.

"రేపు పన్నెండు" అంది. "నన్ను సాగనంపేస్తే ఆయనకి ఇటువైపు చూడాల్సిన పనే ఉండదు. ఇంక వెనక్కి రాడు."

"ఏం చేద్దాం మరి? పిలవడానికి లేదాయె."

"పిలవను. వెళ్తాను." నా వైపు చూసింది. "ఆయన రోజులో నాకు మిగిలిన చోటు ఆ బల్ల ముందు కుర్చీ ఒక్కటే. అక్కడికే పోతాను."

"నీకేమైనా మతి పోయిందా? సాగనంపకముందు ఆత్మల బల్ల దగ్గర కూర్చుని తిన్న మనిషి ఏడాది తిరక్కుండా పోతుందని తెలీదూ?"

"పోనీ."

"పోనీ ఏమిటే!"

"ఆయన నన్ను చూసే ఏడాది ఒకటి, చూడని ఏళ్ళు ఇరవై. ఏది తీసుకోమంటావన్నా?" అంది. "మొన్న నేను కొత్త టోపీ కొనుక్కున్నాను. ఎలా ఉందో చెప్పేవాడు లేడు. ఆయన లేకపోతే నాకు దేనికీ రుచి లేదు. చాలా, ఇంకా చెప్పాలా?"

అంతకన్నా ఎక్కువ ఆవిడ నోట ఎప్పుడూ వినలేదు.

మర్నాడు పదకొండున్నర దాటాక వచ్చింది. తలుపు తట్టలేదు, పలకరించలేదు, ఆత్మలు వచ్చినట్టే వచ్చి కుర్చీలో కూర్చుంది. పాత టోపీ ఎక్కడుందో ఆవిడకి తెలుసు, పెట్టె అడుగునుంచి తీసి పెట్టుకుంది. నేను గోడవారన నిలబడ్డాను.

అన్సెల్మో తల ఎత్తాడు. రెండు నెలల తర్వాత అతని చూపు ఆవిడ మీద ఆగింది. భయపడలేదు. తలమీది టోపీ తీసి ఛాతీకి ఆనించుకున్నాడు.

"వచ్చావా" అన్నాడు. "తీసుకో. అన్నీ నీకిష్టమైనవే."

బసీలియా రొట్టె బొమ్మ తీసుకుని తలకాయ కొరికింది.

పండగ రొట్టె, రెండు రోజుల కిందటిది, రాయిలా ఉంది. కరకరమని చప్పుడయింది. అన్సెల్మో నోరు తెరుచుకుని చూశాడు. ఆవిడ తాపీగా నమిలి మింగింది, రవికె మీద పడ్డ పొడి దులుపుకుంది. సూప్ గిన్నె దగ్గరికి లాక్కుని ఒక చెంచా నోట్లో పెట్టుకుంది. మొహం చిట్లించింది.

"ఉప్పేదీ?"

అతను గిన్నెకేసి చూశాడు.

"నిన్నే. ముప్పై ఏళ్ళు నా చేతి వంట మింగావు, సూప్‌లో ఉప్పెంత వెయ్యాలో ఇంకా తెలీలేదా? చచ్చినదానికి రుచి ఉండదనుకున్నావా, లేక ఎలాగూ వాసనే కదా అని పొదుపు చేశావా?"

అన్సెల్మో చెయ్యి చాపి రొట్టె తీసుకున్నాడు. కొరికిన చోట ముందుపళ్ళ గుర్తు ఉంది, మధ్యలో అరిగిన పన్ను వదిలేసిన చిన్న గట్టు. దాని మీద వేలు పెట్టాడు. తీశాడు. మళ్ళీ పెట్టాడు.

"తడిగా ఉంది" అన్నాడు.

"ఉమ్మి మరి. ఏముంటుంది?"

సరిగ్గా అప్పుడు సైరన్ కొట్టింది. పన్నెండు. అందరి ఇళ్ళల్లోంచీ ప్రార్థనలు లేచాయి, పిల్లలు బుట్టలు పట్టుకుని వీధుల్లోకి పరిగెత్తారు. అన్సెల్మో బల్ల ఎత్తలేదు. రొట్టె పట్టుకుని నిలబడి నల్ల చొక్కా చేతుల వైపు చూసుకున్నాడు. "బావా, ఇవెందుకు వేసుకున్నాను నేను?" అని నన్నడిగాడు. జవాబు చెప్పేలోపే కింద కూలబడి, బసీలియా పరికిణీ మడతల్లో మొహం పెట్టి పెద్దగా ఏడ్చేశాడు. ఆవిడ అతని తల నిమురుతూ, "లే, లే, సూప్ చల్లారుతోంది, ముందు ఉప్పు పట్రా" అంటూనే ఉంది. నాకు చెప్పుకోవడానికి సిగ్గేమీ లేదు, నేనూ ఏడ్చాను.

ఏడాదిలో పోతుందన్నాను కదా, పోలేదు. ఆరేళ్ళు బతికింది. ఆత్మలకి కూడా లెక్కలు రావన్నా, వాళ్ళ చేత ఆకు నమిలించాలి అనేది. ఏడో సొరంగం మూయించాలని పట్టుబట్టి సంఘం ముందు మూడు రోజులు కూర్చుంది, మూయించింది. ఆ పని చెయ్యడానికి పలక మీదున్న పదకొండు మందిలో ఒక్కడికీ నోరు రాలేదు.

అన్సెల్మోకి తను చూసొచ్చిన రాబోయే రోజులన్నీ కలలాగా చెదిరిపోయాయి. తను ఎప్పుడు పోతుందో బసీలియా అడగలేదు, అతను చెప్పలేదు. కాకపోతే జూన్ వస్తే చాలు, ఇంట్లో ఉన్న దుప్పట్లన్నీ తెచ్చి ఆవిడ మీద వేసేవాడు. ఆకు అమ్మడానికి వెళ్ళొద్దని బతిమాలేవాడు, వెళ్తే వెనకాలే వేడినీళ్ళ చెంబు పట్టుకుని వచ్చేవాడు. జూన్ వెళ్ళిపోగానే ఈలవేసుకుంటూ తిరిగేవాడు. "జూన్ అని తెలిసిపోయిందన్నా" అని నవ్వేది బసీలియా దుప్పట్ల కిందనుంచి. "ఏ జూనో ఆయనకీ తెలీనట్టుంది పాపం." ఏడో జూన్‌లో జలుబు చేసింది, ఊపిరికి దిగింది, అయిదో రోజున పోయింది. అన్సెల్మో పక్కనే ఉన్నాడు. ఆవిణ్ణే చూస్తూ ఉన్నాడు.

నిన్నటితో మూడో బల్ల. పొద్దున్నే వెళ్ళాను, మోకాలు ఈడ్చుకుంటూ. టోపీ పెట్టిన రొట్టె బొమ్మ, నిచ్చెన, చెరుకు గడ, వేరుశెనగ సూప్. ఎక్కడెక్కడ ఏది ఉండాలో అంతా ఆనాటిలాగే ఉంది. ఒకటే కొత్త. గిన్నె పక్కన చిన్న మూకుడులో ఉప్పు.

పదకొండున్నర నుంచి మేమిద్దరం బల్లకి ఎదురుగా కూర్చున్నాం. తలుపు తీసే ఉంది. అతను తలుపు వైపే చూస్తున్నాడు, నేను చూడనట్టు చూస్తున్నాను. గాలికి తెర కదిలితే ఇద్దరం ఒకేసారి లేచాం, మళ్ళీ కూర్చున్నాం. సైరన్ కొట్టింది. వీధిలో పిల్లలు బుట్టలతో పరిగెత్తారు. రొట్టె చేసింది చేసినట్టే ఉంది, ఎవరూ కొరకలేదు.

అన్సెల్మో కాసేపు కుర్చీ వైపు చూశాడు. తర్వాత లేచి నల్ల చొక్కా విప్పి మేకుకి తగిలించాడు.

"ఆ రోజే తినేసింది కదా బావా" అన్నాడు. "ఇవాళ ఆకలి ఉండదులే."